ఆదుర్తి సుబ్బారావు

ఆదుర్తి సుబ్బారావు (డిసెంబర్ 16, 1912 - అక్టోబర్ 1, 1975) ప్రముఖ తెలుగు చలనచిత్ర దర్శకుడు, రచయిత, ఎడిటర్, నిర్మాత. ఎడిటింగు గదిలో పని నేర్చుకొని దర్శకత్వానికి వచ్చిన తొలితరం తెలుగువారిలో ఈయన ముఖ్యులు. తమిళ, హిందీ భాషలలో కూడా చిత్రాలు తీశారు.

తొలి జీవితం

సుబ్బారావు రాజమండ్రిలో జన్మించారు. ఛాయాగ్రహణం నేర్చుకోవడానికి బొంబాయి వెళ్ళి సెయింట్ జేవియర్ కళాశాలలో చేరారు గాని, చదువు పూర్తి చేయకుండానే ఒక ఫిల్మ్ లాబొరేటరీలో ప్రాసెసింగ్, ప్రింటింగ్ విభాగాలలో పనికి కుదిరారు. తర్వాత దీనా నార్వేకర్ అనే ఎడిటర్ వద్ద సహాయకుడయ్యారు. ఫిల్మును చేత్తో కత్తిరించి అతికించే ఆ రోజులలో కథ ఎక్కడ సాగిందో, ఎక్కడ కుంటుపడిందో తెలుసుకోవడానికి అంతకు మించిన బడి లేదు. ఉదయశంకర్ నిర్మించిన నృత్యచిత్రం "కల్పన" (1948)కు కూడా ఈయన సహాయకుడిగా పనిచేశారు. మద్రాసు చేరాక పాటలు, మాటలు వ్రాస్తూ, కె.ఎస్.ప్రకాశరావు చిత్రాలకు పనిచేస్తూ అనుభవం గడించారు.

దర్శకుడిగా

తొలి చిత్రం "అమర సందేశం" (1954). అన్నపూర్ణా పిక్చర్స్ వారి "తోడికోడళ్ళు" (1957)తో పేరు స్థిరపడింది. శరత్ నవల ఆధారంగా తీసిన ఈ కుటుంబకథ తరువాత "మాంగల్యబలం" (1959), ఎడ్లను ప్రాణంగా చూసుకొనే పేద రైతు కథ "నమ్మినబంటు" (1960), అక్కినేని ద్విపాత్రాభినయం చేసిన "ఇద్దరు మిత్రులు" (1961), హాస్యం పాలు ఎక్కువగా ఉన్న "చదువుకున్న అమ్మాయిలు" (1963) వచ్చాయి. కోడూరి కౌసల్యాదేవి "చక్రభ్రమణం" నవలను తెరకెక్కించిన "డాక్టర్ చక్రవర్తి" (1964) నంది పురస్కారాలు ప్రారంభమైన ఏడాదే ఉత్తమ చిత్రంగా బంగారు నందిని పొందింది.

వీటిలో "మూగమనసులు" (1964) ప్రత్యేకంగా చెప్పుకోదగినది. గోదావరిపై పడవలో వెళ్తున్న కొత్త దంపతులకు పూర్వజన్మ స్ఫురించడం, గౌరి అనే ముదుసలి ఆ కథ చెప్పడం ఇందలి ఇతివృత్తం. రెండు జన్మలు, ముగ్గురి ప్రేమ, నడుమ జమీందారీ అంతస్తులు. ఇంత చిక్కని కథనంలో ప్రేక్షకుడు ఎక్కడా దారి తప్పకపోవడంలో ఆదుర్తి ఎడిటింగ్ అనుభవం కనిపిస్తుంది. ఈ చిత్రానికి కూర్పు మాత్రం టి.కృష్ణది. ఆదుర్తి స్వయంగా హిందీలో "మిలన్" (1967)గా మళ్ళీ తీయగా అదీ విజయవంతమైంది.

"తేనె మనసులు" (1965)లో కృష్ణ, రామ్మోహన్ మొదలైన కొత్తవారినే నాయకా నాయికలుగా తీసుకున్నారు. హైదరాబాదు సారథి స్టూడియోలో చిత్రీకరణ జరిగింది. మొదట నలుపు తెలుపులలో కొంతభాగం తీసి, దానిని పక్కనపెట్టి రంగులలో తిరిగి తీశారు. అంతా కొత్తవారితో ఆ రోజులలో ఇది సాహసమే. హిందీలో ఇది "డోలీ" (1969) అయింది.

ప్రయోగాలు

వినోదచిత్రాలతో సంపాదించిన పేరును, ధనాన్ని ఆదుర్తి, అక్కినేని ఇద్దరూ పణంగా పెట్టారు. చక్రవర్తి చిత్ర పతాకంపై వారు నిర్మించిన "సుడిగుండాలు" (1968)లో యువకులు సరదా కోసం ఒక బాలుని చంపుతారు. ఆ బాలుని తండ్రి న్యాయమూర్తి. ఆయన పదవి వదులుకొని, ఆ యువకుల పక్షాన నిలబడి, వారిని అలా తయారుచేసిన సమాజాన్ని బోనులో నిలుపుతాడు. ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ పురస్కారం లభించినా డబ్బు రాలేదు. కులమతాల ఊసు తెలియకుండా పిల్లలను పెంచే ప్రయత్నాన్ని చూపిన "మరో ప్రపంచం" (1970) సైతం ఆదరణ పొందలేదు. ఆ సంస్థ ఈ రెండు చిత్రాలతోనే ఆగిపోయింది. "సుడిగుండాలు" కథ నేటికీ పాతబడకపోవడం గమనార్హం.

చివరి సంవత్సరాలు

తరువాత ఆదుర్తి మళ్ళీ వ్యాపార చిత్రాల వైపు మళ్ళారు. హిందీలో "మస్తానా", "జీత్", తెలుగులో కృష్ణ కథానాయకుడిగా "మాయదారి మల్లిగాడు" (1973), "గాజుల కిష్టయ్య" (1975) తీశారు. ఈయన వద్ద సహాయకుడిగా పనిచేసిన కె.విశ్వనాథ్ అప్పటికే దర్శకుడిగా స్థిరపడ్డారు. అక్కినేనితో "మహాకవి క్షేత్రయ్య" నిర్మాణంలో ఉండగా ఆదుర్తి మరణించారు. మిగిలిన భాగాన్ని సి.ఎస్.రావు పూర్తిచేయగా 1976లో విడుదలైంది.