కర్నల్ కొఠారి కనకయ్య నాయుడు

బెంగాల్ నాగపూర్ రైల్వే శ్రీకాకుళము, విశాఖపట్టణము ప్రాంతములనుండి వేలాది తెలుగువారిని ఖరగపురమునకు చేర్చినది. ఖరిదా వీధులలో నేటికిని తెలుగు మాట వినబడుటకు ఆ వలసయే కారణము. ఆ రైల్వే తన పేరున ధరించిన నాగపూరునకు మరియొక తెలుగు కుటుంబము వేరొక దారిని చేరినది. కొఠారివారి పూర్వులు మచిలీపట్టణమువారు. హైదరాబాదునకు, అచ్చటనుండి ఔరంగాబాదునకు, తుదకు నాగపూరునకు తరతరములుగా సాగివచ్చి స్థిరపడిరి. ఆ యింట 1895 అక్టోబరు 31వ తేదీన జన్మించిన కనకయ్య నాయుడుగారు భారతదేశపు మొట్టమొదటి క్రికెట్ టెస్టు జట్టును నడిపించిరి.

తాతగారు నారాయణస్వామి నాయుడుగారు నాగపూరున పేరుగన్న న్యాయవాది. తండ్రి సూర్యప్రకాశరావుగారు కేంబ్రిడ్జిలో చదివి న్యాయవాదియైరి. చదువుకు, న్యాయస్థానమునకు అలవాటుపడిన ఆ యింటి బిడ్డ మైదానమును వరించెను. హిస్లాప్ పాఠశాలలో నేర్చిన ఆట 1916లో ఆయనను బొంబాయికి కొనిపోయినది. ఆ కాలమున బొంబాయిలో హిందువులు, మహమ్మదీయులు, పారశీలు, యూరోపియనులు వేరువేరు జట్లుగా ఏటేట పోటీపడుచుండెడివారు. యూరోపియనులతో జరిగిన ఆటలో హిందూ జట్టు 79 పరుగులకే 7 వికెట్లు కోల్పోయి యుండగా ఈ యువకుడు బ్యాటు పట్టెను. మొదటి మూడు బంతులను ఆపి, నాల్గవ బంతిని సిక్సరుగా కొట్టెను.

1923లో ఇందూరు హోల్కరు మహారాజుగారు ఆయనను తమ సంస్థానమునకు రప్పించుకొని, సైన్యమున కెప్టెన్ హోదా ఇచ్చిరి. తరువాతి కాలమున కర్నల్ అను మాట ఆయన పేరునకు విడరాని భాగమయ్యెను.

1926లో ఆర్థర్ గిల్లిగన్ నాయకత్వమున ఇంగ్లండునుండి ఎం.సి.సి. జట్టు భారతదేశమునకు వచ్చినది. డిసెంబరు 1వ తేదీన బొంబాయి జింఖానా మైదానమున నాయుడుగారు రెండు గంటలు నిండకుండగనే 153 పరుగులు చేసిరి. అందు 11 సిక్సర్లు, 13 ఫోర్లు. భారతీయులు దొరలతో సమానముగా ఆడగలరా యను సందేహము ఆ యొక్క దినముతో చాలవరకు తీరినది. వచ్చిన జట్టువారు ఆయనకు వెండి బ్యాటు బహూకరించిరి. రెండేండ్లకు, 1928 డిసెంబరులో, భారత క్రికెట్ నియంత్రణ మండలి ఏర్పడెను.

1932లో భారత జట్టు టెస్టు ఆడుటకై ఇంగ్లండునకు బయలుదేరినప్పుడు నాయకత్వము ఎవరిదన్న ప్రశ్న వచ్చినది. ఆనాడు జట్టునకు నాయకుడు రాజవంశీయుడు కావలెనన్నది వ్రాయని నియమము. మొదట ఎన్నికైన పటియాలా మహారాజు తప్పుకొనగా పోరుబందరు మహారాజు నాయకుడుగను, లింబ్డీ రాజకుమారుడు ఉపనాయకుడుగను వెడలిరి. తన ఆట ఏపాటిదో ఎరిగిన పోరుబందరు ప్రభువు స్వయముగా ప్రక్కకు జరిగిరి. లింబ్డీ రాజకుమారునకు వెన్నునొప్పి కలిగెను. అట్లు జూన్ 25వ తేదీన లార్డ్స్ మైదానమున భారతదేశపు తొలి టెస్టు జట్టును ఏ సింహాసనమునకును వారసుడు కాని వ్యక్తి ముందుండి నడిపించెను.

ఆటారంభముననే ఇంగ్లండు 19 పరుగులకు 3 వికెట్లు కోల్పోయినది. క్షేత్రరక్షణలో నాయుడుగారి చేతికి గాయమైనది. ఆ చేతితోనే బ్యాటు పట్టి మొదటి ఇన్నింగ్సులో 40 పరుగులు చేసిరి. జట్టులో అదియే అత్యధికము. భారతదేశము 158 పరుగుల తేడాతో ఓడినను, తలవంచుకొని మాత్రము రాలేదు. ఆ పర్యటనలో ఆయన 1,618 పరుగులు చేసిరి, 32 సిక్సర్లు కొట్టిరి. ఎడ్జ్‌బాస్టనులో కొట్టిన ఒక సిక్సరు మైదానమున కావలనున్న రీ నదిని దాటినది. మరుసటి యేడు విజ్డెన్ వార్షిక గ్రంథము ఆయనను ఆ సంవత్సరపు అయిదుగురు ఉత్తమ క్రీడాకారులలో చేర్చినది.

1933-34లో జార్డిన్ జట్టు భారతదేశమునకు వచ్చినప్పుడు బొంబాయి, కలకత్తా, మద్రాసు టెస్టులు మూడింటికిని ఆయనయే నాయకులు. బొంబాయిలో లాలా అమర్‌నాథ్ 118 పరుగులు చేసి భారతదేశమునకు తొలి టెస్టు శతకము నార్జించినప్పుడు రెండవ వైపున నిలిచినవారు నాయుడుగారే.

అయినను 1936లో ఇంగ్లండు పర్యటనకు నాయకత్వము ఆయనకు దక్కలేదు. అది దక్కినది తెలుగుదేశపు రాజవంశీయునికే. విజయనగర మహారాజకుమారుడు విజయానంద గజపతిరాజుగారు క్రికెట్టునకై ధారాళముగా ధనము వెచ్చించినవారు. హాబ్స్, సట్‌క్లిఫ్‌లంతటివారిని భారతదేశమునకు రప్పించినవారు. పోషకులుగా ఆయన సేవ కాదనరానిది. కాని ఆ పర్యటనలో మూడు టెస్టులాడి ఆయన చేసిన పరుగులు 33 మాత్రమే. జట్టు వర్గములుగా చీలినది. అమర్‌నాథును నడిమధ్యలోనే ఇంటికి పంపివేసిరి. పోరుబందరు ప్రభువు నాలుగేండ్ల క్రిందట చూపిన వివేకము ఈసారి కానరాలేదు.

నాయకత్వము పోయిన నాయుడుగారు జట్టును విడువలేదు. ఆగస్టులో ఓవల్ మైదానమున జరిగిన చివరి టెస్టులో గబ్బీ ఆలెన్ విసరిన బంతి ఆయన శరీరమును బలముగా తాకినది. ఆ దెబ్బను ఓర్చుకొని 81 పరుగులు చేసి, ఇన్నింగ్సు ఓటమినుండి జట్టును తప్పించిరి. ఆయనకు అదియే చివరి టెస్టు. మొత్తము 7 టెస్టులు, 350 పరుగులు, 9 వికెట్లు: లెక్క చిన్నదే. ఆయన యౌవనమంతయు భారతదేశమునకు టెస్టులు లేని కాలమున గడిచిపోయినదని మరువరాదు.

తరువాత ఆయన హోల్కరు జట్టును రంజీ పోటీలలో దేశమునకు తలమానికముగ తీర్చిదిద్దిరి. 1945-46 ఫైనలులో బరోడాపై 200 పరుగులు చేసినప్పుడు ఆయన వయస్సు 50 ఏండ్లు. ఆరేండ్ల తరువాత ఫడ్కర్ బంతి తగిలి రెండు పండ్లు ఊడగా, వాటిని బ్యాటుతో ప్రక్కకు నెట్టి ఆట కొనసాగించిరి. ఆంధ్ర జట్టు 1953-54లో తొలిసారి రంజీ పోటీలలో అడుగిడినప్పుడు, పూర్వులు విడిచివచ్చిన నేలకు ఆయన నాయకులై వచ్చిరి. 1956-57లో, 61వ యేట, ఉత్తరప్రదేశ్ జట్టును నడిపించిరి. 1956లో పద్మభూషణ బిరుదము లభించినది. 1967 నవంబరు 14వ తేదీన ఇందూరులో కన్నుమూసిరి.

మాతృభూమికి దూరముగా పుట్టి పెరిగిన ఈ తెలుగువాడు హోదాను అడిగి పుచ్చుకొనలేదు, అది పోయినప్పుడు అలిగి కూర్చుండలేదు. ఏ స్థానమున నిలిపినను ఆ స్థానపు పనిని నిండుగా చేసిరి. ఉద్యోగార్థము ఊరు విడిచివచ్చిన కుటుంబములు తమ బిడ్డలకు చెప్పుకొనదగిన కథ ఇది.