పేరు చెప్పని కథకుడు

పాఠ్యభాగ నేపథ్యం

ఒక జాతి కల్పించుకున్న గాథలు ఆ జాతికే పరిమితమై ఉండవు. అవి సముద్రాలు దాటి, భాషలు మార్చుకొని, కొత్త పేర్లతో కొత్త ఇళ్ళలో కాపురముంటాయి. ప్రాచీన గ్రీకు గాథలు అలాగే తెలుగువారి ఇళ్ళకు చేరాయి. వాటిని తెలుగు పిల్లలకు సన్నిహితం చేసిన వారిలో ముఖ్యులు కొడవటిగంటి కుటుంబరావు. వారి జీవితాన్ని, చందమామ పత్రికలో వారి కృషిని ఈ పాఠం పరిచయం చేస్తుంది.

పాఠ్యభాగం

కుటుంబరావు 1909వ సంవత్సరం అక్టోబరు 28వ తేదీన గుంటూరు జిల్లా తెనాలిలో ఒక మధ్యతరగతి కుటుంబంలో జన్మించారు. చిన్నతనంలోనే తండ్రి మరణించారు. కొంతకాలానికి తల్లి కూడా దూరమైంది. బంధువుల సంరక్షణలో పెరిగిన ఆ బాలునికి పుస్తకాలే తోడయ్యాయి. గుంటూరులో ఇంటర్మీడియట్ పూర్తిచేసిన పిమ్మట, 1927లో ఆయన ఉత్తరాంధ్రకు వచ్చి విజయనగరం మహారాజా కళాశాలలో బి.ఎ. తరగతిలో చేరారు. భౌతికశాస్త్రాన్ని ప్రధాన విషయంగా ఎంచుకున్నారు. గురజాడ అప్పారావు ఒకప్పుడు అధ్యాపకులుగా పనిచేసిన కళాశాల అది. వాడుక భాషకు సాహిత్య గౌరవం సంపాదించి పెట్టిన నేల అది. తరువాతి కాలంలో కుటుంబరావు చేపట్టిన సరళమైన తెలుగు వచనం ఆ సంప్రదాయానికి కొనసాగింపే.

1929లో ఆయన కాశీ హిందూ విశ్వవిద్యాలయంలో ఎం.ఎస్‌సి. చదవడానికి వెళ్ళారు. కాని ఆ రోజుల్లో ప్రపంచమంతటినీ పీడించిన ఆర్థిక మాంద్యం ఆయన చదువును మధ్యలోనే నిలిపివేసింది. శాస్త్రజ్ఞుడు కావలసిన యువకుడు జీవనోపాధికై బయలుదేరవలసి వచ్చింది. గుమాస్తాగిరీ మొదలుకొని కర్మాగారంలో కొలువు వరకు ఆయన ఎన్నో ఉద్యోగాలు చేశారు. బొంబాయి, సిమ్లా వంటి దూరప్రాంతాలకూ వెళ్ళారు. ఏ పనిలోనూ ఎక్కువకాలం నిలవలేదు. అయినా ఆయన కలం మాత్రం ఆగలేదు. మధ్యతరగతి మనుషుల ఆశలను, భయాలను, కపటాలను కథలుగా, నవలలుగా చిత్రించారు. సుందరం అనే బాలుని విద్యాభ్యాసం ఆధారంగా నాటి సమాజాన్ని చూపిన ‘చదువు’ నవల వాటిలో ప్రసిద్ధమైనది. సంగీతం, సినిమా, చరిత్ర, విజ్ఞానశాస్త్రం మొదలైన విషయాలపై అసంఖ్యాకంగా వ్యాసాలు రచించారు.

1947 జూలైలో మద్రాసు నగరంలో నాగిరెడ్డి, చక్రపాణి చందమామ మాసపత్రికను ప్రారంభించారు. 1952లో కుటుంబరావు అందులో చేరారు. అప్పటి నుండి 1980లో కన్నుమూసే వరకు, అంటే సుమారు ఇరవై ఎనిమిది సంవత్సరాల పాటు, ఆ పత్రికకు సేవ చేశారు. సంపాదకునిగా అచ్చయ్యే పేరు చక్రపాణిది. వచ్చిన కథలను సరిదిద్దడం, అవసరమైన చోట మొత్తం తిరగరాయడం, ప్రపంచ సాహిత్యం నుండి గాథలను ఎంపిక చేసి తెలుగులోకి తేవడం కుటుంబరావు పని. ఆ రచనల్లో అధికభాగం కింద ఆయన పేరు కనిపించదు.

ఆ కాలంలోనే హోమర్ మహాకవి పేరిట ప్రసిద్ధికెక్కిన ఇలియడ్, ఒడిస్సీ గాథలు చందమామలో ధారావాహికలుగా వెలువడ్డాయి. ట్రాయ్ యుద్ధానికి కారణమైన హెలెన్ భువనసుందరి అయింది. యుద్ధం ముగిసిన తరువాత ఇల్లు చేరడానికి కడగండ్లు పడిన ఒడిస్సియస్ రూపధరుడయ్యాడు. భువనసుందరి, రూపధరుని యాత్రలు అన్నవే ఆ రెండు గాథలకు పెట్టిన పేర్లు. పలకడానికి కష్టమైన విదేశీ నామాల స్థానంలో తెలుగు నుడికారానికి తగిన పేర్లు రావడంతో, ఎక్కడో ఏజియన్ సముద్రతీరంలో పుట్టిన కథ శారదానది ఒడ్డున ఉన్న దేవరాపల్లి పిల్లవానికి సైతం పరాయిది కాకుండా పోయింది.

ఆ గాథ మనకు అంత సులభంగా దగ్గర కావడానికి మరొక కారణం ఉంది. ఒడిస్సియస్ ఇథాకా ద్వీపానికి రాజు. ట్రాయ్ నగరంలో పదేళ్ళు యుద్ధం చేశాడు. తిరుగు ప్రయాణంలో మరి పదేళ్ళు సముద్రం మీద, దీవుల మీద తిరిగాడు. ఆ కాలమంతా భార్య పెనలోపి అతని కోసం నిరీక్షించింది. తమలో ఒకరిని వరించమని రాకుమారులు ఆమెను నిర్బంధించారు. మామగారి కోసం నేస్తున్న వస్త్రం పూర్తికాగానే నిర్ణయం చెబుతానని ఆమె వారికి మాట ఇచ్చింది. పగలు నేసినదంతా రాత్రి విప్పివేస్తూ మూడేళ్ళు గడిపింది. చివరకు ఒడిస్సియస్ బిచ్చగాని వేషంలో వచ్చి, ఇతరులెవ్వరూ ఎక్కుపెట్టలేని వింటిని ఎక్కుపెట్టి, తన ఇంటిని దక్కించుకున్నాడు. ఈ కథ వింటున్న తెలుగువారికి శివధనుస్సు జ్ఞాపకం వస్తుంది. బాహుకుని రూపంలో వచ్చిన నలుడు, అతనిని గుర్తించడానికి ఉపాయం పన్నిన దమయంతి మనసులో మెదులుతారు. మనుషుల దుఃఖాలు, నమ్మకాలు ఒకే తీరువి కనుకనే ఇలాంటి పోలికలు సాధ్యమవుతాయి.

భౌతికశాస్త్రం చదివిన వ్యక్తి, హేతువాది, మార్క్సిజాన్ని అభిమానించి విప్లవ రచయితల సంఘంతో కలిసి నడిచిన రచయిత దేవతలు, రాక్షసులు, మాయలు ఉన్న కథలను పిల్లలకు అందించడం సమంజసమేనా అన్న ప్రశ్న సహజంగా కలుగుతుంది. కుటుంబరావు ఈ ప్రశ్నను తప్పించుకోలేదు. ఎదుగుతున్న పసిమనసుకు అద్భుతగాథలు అవసరమని ఆయన భావించారు. ధైర్యం, నిజాయితీ, స్నేహం, త్యాగం వంటి మూలభావాలు బాల్యంలో కథల ద్వారానే బలంగా నాటుకుంటాయని ఆయన విశ్వాసం. భక్తి ప్రచారం చందమామ లక్ష్యం కాదని, దైవంపై కన్న మానవ ప్రయత్నంపై నమ్మకం కలిగించే కథలకే అక్కడ ఎక్కువ చోటు ఉన్నదని కూడా ఆయన స్పష్టం చేశారు.

ఒడిస్సియస్ కథను ఈ దృష్టితో చూస్తే ఆ భావం బోధపడుతుంది. ఒంటికన్ను రాక్షసుడైన పొలిఫీమస్ గుహలో ఒడిస్సియస్, అతని అనుచరులు చిక్కుకుంటారు. రాక్షసుడు కొందరిని మింగివేస్తాడు. బలంతో గెలవడం అసాధ్యమని గ్రహించిన ఒడిస్సియస్ వానికి ద్రాక్షసారాయం తాగించి, తన పేరు ‘ఎవడూ కాదు’ అని చెబుతాడు. మత్తులో ఉన్న వాని కంటిని కాల్చిన కొయ్యతో పొడుస్తాడు. కేకలు విని వచ్చిన ఇరుగుపొరుగు రాక్షసులకు, తనను బాధిస్తున్నది ‘ఎవడూ కాదు’ అని వాడు చెబుతాడు. వారు వెళ్ళిపోతారు. మరునాడు గొర్రెల పొట్టలను కరచుకొని వీరులు బయటపడతారు. ఇక్కడ కాపాడినది వరం కాదు, బుద్ధిబలం. అయితే ఓడ ఎక్కిన తరువాత ఒడిస్సియస్ గర్వంతో తన అసలు పేరు చాటి చెబుతాడు. రాక్షసుడు తన తండ్రి అయిన సముద్రదేవుడు పొసైడన్‌కు మొరపెట్టుకుంటాడు. ఆ ఒక్క అహంకారం ఫలితంగా వీరుని ప్రయాణం మరింత కష్టభరితమైంది. తుదకు అనుచరులందరూ నశించగా ఒంటరిగా ఇల్లు చేరాడు. ఉపాయం ఎంత గొప్పదో, గర్వం ఎంత చేటో ఒకే కథ బోధించింది.

ఇటువంటి గాథలకు చిత్రకారులు రూపం ఇచ్చారు. శ్రీకాకుళంలో పుట్టి, చోడవరం ప్రాంతానికి చేరువలో ఉన్న కశింకోటలో స్థిరపడిన వడ్డాది పాపయ్య వేసిన ముఖచిత్రాలు చందమామకు శోభ తెచ్చాయి. తెలుగులో రూపొందిన కథలు ఇతర భారతీయ భాషల సంచికలకు ఆధారమయ్యాయి. ఆ విధంగా గ్రీకు గాథ తెలుగు మీదుగా మరెన్నో రాష్ట్రాల పిల్లలను చేరింది.

కుటుంబరావు 1980 ఆగస్టు 17న పరమపదించారు. ఎన్నో తరాలను అలరించిన చందమామ ముద్రణ సైతం 2013 నాటికి నిలిచిపోయింది. కాని ఆ పుటల్లో చదివిన కథలు పెద్దవారైన పిల్లల మనసుల్లో నిలిచి ఉన్నాయి. ఒడిస్సియస్ తన పేరు చాటుకొని కష్టాలు కొనితెచ్చుకున్నాడు. ఆ కథను మనకు అందించిన రచయిత తన పేరు చాటుకోకుండానే కోట్ల అక్షరాల శ్రమను పిల్లలకు సమర్పించారు. పనిలో పేరు కన్న ప్రయోజనం ముఖ్యమని నమ్మిన వారి జీవితం విద్యార్థులకు ఆదర్శప్రాయం.

పదాలు – అర్థాలు

కడగండ్లు : కష్టాలు
నిరీక్షించు : ఎదురుచూచు
నిర్బంధించు : బలవంతపెట్టు
సమంజసం : న్యాయమైనది, తగినది
ధారావాహిక : సంచికల వారీగా వెలువడే రచన

ప్రశ్నలు

1. కుటుంబరావు విద్యాభ్యాసం గురించి, జీవనోపాధికై ఆయన పడిన శ్రమ గురించి రాయండి.
2. పిల్లలకు అద్భుతగాథలు అవసరమని కుటుంబరావు భావించడానికి కారణాలు ఏవి?
3. ఒడిస్సియస్ కథకు, నలదమయంతుల కథకు గల పోలికలను వివరించండి.
4. ఈ పాఠానికి ‘పేరు చెప్పని కథకుడు’ అన్న శీర్షిక ఎంతవరకు తగినదో చర్చించండి.