నల్ల గౌను తొడుక్కున్న కట్టమంచి రెడ్డి గారు

 

ఈ నెల ‘మహనీయుల జీవితం’ శీర్షిక రాయడానికి నా వంతు వచ్చింది. గాంధీ గారు, అల్లూరి వారు, అంబేడ్కర్ గారు ఈ గోడ మీద ఇప్పటికే రెండేసి సార్లు వచ్చేసేరు. అందుకని నేను సర్ కట్టమంచి రామలింగారెడ్డి గారిని ఎంచుకున్నాను. పేరు చాలామందికి జి.కె. బిట్లలో ఒక ఖాళీ పూరించడానికి మాత్రమే తెలుసు. ఆంధ్ర విశ్వవిద్యాలయం మొదటి వైస్ చాన్సలర్ ఎవరు? సి.ఆర్. రెడ్డి. ఒక మార్కు. అక్కడితో వదిలేస్తాం. కానీ ఆయన విద్యార్థిగా ఉన్న రోజులు చదివితే మన హాస్టలు రోజులతో పోల్చి చూసుకోవాలనిపిస్తుంది.

రెడ్డి గారు 1880 డిసెంబరు 10న చిత్తూరు దగ్గర కట్టమంచి అనే ఊళ్ళో పుట్టేరు. మద్రాసు క్రిస్టియన్ కాలేజీలో చదువుతుండగా, 1899లో, కాలేజీలో తెలుగు సంఘం వాళ్ళు కావ్యపోటీ పెట్టేరు. అప్పటికి ఆయనకి 19 ఏళ్ళు నిండలేదు. అందరిలాగ దేవుళ్ళ మీదో, రాజుల మీదో రాయకుండా, అనంతపురం దగ్గర బుక్కరాయసముద్రం చెరువు కథ తీసుకున్నారు. చెరువు గట్టు తెగిపోతుంటే ఊరిని కాపాడడానికి ముసలమ్మ అనే కోడలు గండిలోకి నడిచి ప్రాణం ఇచ్చిన కథ. పేరు ముసలమ్మ గాని ఆమె ముసలామె కాదు, వయసులో ఉన్న కాపు కోడలు. ఆ ‘ముసలమ్మ మరణం’ బహుమతి గెలుచుకుంది. తెలుగులో కొత్త కవిత్వానికి ఇది మొదటి మెట్టు అని చాలామంది పండితులు అంటారు. నాకు మాత్రం, ఊరి కోసం ఎప్పుడూ కోడలే ఎందుకు పోవాలి, చెరువు మీద పెత్తనం చేసే పెద్దమనిషి ఎందుకు పోకూడదు అనిపించింది. తెలుగు మాస్టారిని అడిగితే అది పరీక్షలో రాదన్నారు!

తర్వాత ప్రభుత్వ స్కాలర్‌షిప్ మీద ఓడెక్కి ఇంగ్లండు వెళ్ళేరు. కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయంలో సెయింట్ జాన్స్ కాలేజీలో చేరేరు. మిత్రులారా, కేంబ్రిడ్జి అంటే ఒక పెద్ద బిల్డింగు అనుకునేరు. అది 1209లో మొదలైన విద్యాపీఠం. అందులో పదుల సంఖ్యలో కాలేజీలు, ఒక్కో కాలేజీ ఒక్కో కోటలాగ ఉంటుంది. గేటు, గోడ, మధ్యలో పచ్చిక, చుట్టూ గదులు, భోజనాల హాలు, ప్రార్థన గుడి. పిల్లలు అక్కడే పడుకోవాలి, అక్కడే తినాలి. అంటే అది కూడా ఒక రకం రెసిడెన్షియల్ స్కూలే. సెయింట్ జాన్స్ కాలేజీ 1511లో పెట్టింది. మనం చరిత్రలో చదివే కృష్ణదేవరాయల కాలం అన్నమాట.

అక్కడి ఆచారాలు చదువుతుంటే నవ్వూ వస్తుంది, భయమూ వేస్తుంది. ఆ రోజుల్లో భోజనానికి అందరూ నల్ల గౌను తొడుక్కునే రావలసి ఉండేది. గురువులు ఒక ఎత్తైన వేదిక మీద బల్ల వేసుకుని కూర్చుంటారు, పిల్లలు కింద పొడుగు బల్లల దగ్గర. ముందు లాటిన్‌లో ప్రార్థన, తర్వాతే చెంచా ముట్టాలి. మన డైనింగు హాల్లో పళ్ళెం పట్టుకుని లైన్లో నిలబడి శ్లోకం చెప్పుకున్నట్టే. కాకపోతే మనం పళ్ళెం మోగిస్తాం, వాళ్ళు మోగించరు. చీకటి పడ్డాక వీధిలోకి గౌను లేకుండా వెళ్తే ప్రోక్టర్ అనే అధికారి పట్టుకునేవారు. ఆయన వెనక టోపీలు పెట్టుకున్న ఇద్దరు మనుషులు తిరిగేవారు, వాళ్ళకి పిల్లలు పెట్టిన పేరు బుల్‌డాగులు. దొరికితే ఆరు షిల్లింగుల ఎనిమిది పెన్నీల జరిమానా. రాత్రి పదికి గేటు మూసేసేవారు. ఆలస్యమైనవాళ్ళు గోడలు దూకి గదుల్లోకి వచ్చేవారట. ఇది నేను పుస్తకంలో ఉందని రాస్తున్నాను గాని, మన గోడ దూకమని చెప్పడం లేదు. వార్డెన్ గారు గమనించగలరు.

పచ్చిక మీద గురువులే నడవాలి, విద్యార్థి కాలు పెట్టకూడదు. సెయింట్ జాన్స్ పడవ పందేల జట్టుకి ఎర్రటి కోట్లు ఉండేవి, నిప్పులాగ మెరిసే ఆ కోట్ల నుంచే బ్లేజరు అనే మాట వచ్చిందని చెబుతారు. లెక్కల పరీక్షలో మొదటివాడికి సీనియర్ రాంగ్లర్ అని బిరుదు, ఊరంతా సంబరం. ఆనర్సు పాసైనవాళ్ళలో ఆఖరివాడికి కర్రతో చేసిన పెద్ద చెంచా ఇచ్చేవారు. పట్టా తీసుకుంటుంటే పైనుంచి తాళ్ళతో అతని ముందుకి దింపేవారు. ఆ వేళాకోళం 1909 దాకా నడిచింది. చివరి చెంచా తీసుకున్నది కూడా సెయింట్ జాన్స్ కుర్రాడే. అదే కాలేజీలో 1899లో పూనా వైపు నుంచి వెళ్ళిన పరాంజపే అనే ఆయన లెక్కల్లో మొదటి స్థానం సంపాదించేరు. కాబట్టి రెడ్డి గారు వెళ్ళేసరికి, నల్లవాళ్ళకి చదువు రాదనే మాట ఆ కాలేజీలో చెల్లదు.

ఇంత గొప్ప చోటుకీ పెద్ద మచ్చలున్నాయి. 1871 దాకా ఇంగ్లండు చర్చి మతం కానివాళ్ళకి అక్కడ పదవులు దక్కేవి కావు. ఆడపిల్లలు తరగతుల్లో కూర్చుని పరీక్షలు రాసినా పట్టా ఇచ్చేవారు కాదు. 1897లో ఇవ్వాలా వద్దా అని ఓట్లు పెడితే, మగ విద్యార్థులు సైకిలు మీద ఆడమనిషి దిష్టిబొమ్మను వీధిలో వేలాడదీసి గోల చేసేరు. తీర్మానం ఓడిపోయింది. కేంబ్రిడ్జి ఆడవాళ్ళకి పూర్తి పట్టా ఇచ్చింది 1948లో, అంటే మనకి స్వతంత్రం వచ్చేక! ఈ పేరా మన బాలికల హాస్టలు చెల్లెళ్ళు ప్రత్యేకంగా చదవాలి.

అలాంటి చోట రెడ్డి గారు చేసిన పని ఏమిటంటే, మాట్లాడడం. కేంబ్రిడ్జిలో యూనియన్ అని ఒక చర్చల సంఘం ఉంది. 1815లో మొదలైంది. ఒక తీర్మానం పెడతారు, ఒక పక్క అవునన్నవాళ్ళు, ఇంకో పక్క కాదన్నవాళ్ళు. ఎవరు లేచినా అధ్యక్షుడి వైపు చూసే మాట్లాడాలి. బాగా లేకపోతే జనం గోల చేస్తారు, బాగుంటే బల్లలు చరుస్తారు. చివర బయటికి వెళ్ళేటప్పుడు అవునన్న తలుపులోంచి ఎంతమంది, కాదన్న తలుపులోంచి ఎంతమంది వెళ్ళేరో లెక్కపెడతారు. తర్వాతి కాలంలో మంత్రులైనవాళ్ళు చాలామంది అక్కడే గొంతు విప్పేరు. ఆ సంఘానికి ఓట్లతో ఉపాధ్యక్షుడుగా ఎన్నికయ్యేరు మన రెడ్డి గారు. ఆ పదవి దక్కిన మొదటి భారతీయుడు ఆయనే. ఆలోచించండి. మన దేశం వాళ్ళ చేతి కింద ఉంది. మన మీద పెత్తనం చెయ్యడానికి కలెక్టర్లుగా రాబోయే కుర్రాళ్ళు ఆ బెంచీల మీద కూర్చుని ఉంటారు. వాళ్ళ ముందు, వాళ్ళ భాషలో, వాళ్ళ పద్ధతిలోనే లేచి నిలబడి, వాళ్ళ చేత ఓటు వేయించుకోవడం!

మన స్కూల్లో శనివారం వక్తృత్వం పెడితే మనం ఏం చేస్తాం? ప్లెయిన్స్ పిల్లల ముందు మన యాస బయటపడుతుందని తల దించుకుంటాం. నేనూ సీతంపేట కొండల మీద సవర ఊరు నుంచి వచ్చినవాణ్ణే. ఆరో తరగతిలో శ్రీకూర్మం వచ్చేవరకు గుళ్ళో నక్షత్ర తాబేళ్ళూ చూడలేదు, తెలుగులో ఒక పేజీ తడబడకుండా చదవనూ లేదు. అందుకే రెడ్డి గారి జీవితంలో నాకు బాగా నచ్చిన భాగం ఇదే. ఎక్కువ రాసేసినందుకు సంపాదకులు కోప్పడొద్దు.

తిరిగొచ్చేక బరోడాలో, తర్వాత మైసూరులో ఉద్యోగాలు చేసేరు. మైసూరు విద్యాశాఖలో పెద్ద హోదాలో ఉన్నప్పుడు, అంటరానివారని దూరం పెట్టిన పిల్లల్ని సర్కారు బడుల్లోకి రానివ్వాలన్న పక్షాన నిలబడ్డారు. పెళ్ళి చేసుకోలేదు. రాజకీయాల్లోకి వెళ్ళేరు, శాసన మండలిలోనూ అదే గొంతు.

1926లో ఆంధ్ర విశ్వవిద్యాలయం పుట్టింది. మొదట బెజవాడలో. దాన్ని ఎక్కడ పెట్టాలా అని బెజవాడ వాళ్ళు, రాజమండ్రి వాళ్ళు, అనంతపురం వాళ్ళు తెగ పోట్లాడుకున్నారు. చివరికి 1930లో విశాఖపట్నం వాల్తేరు ఎత్తు మీదకి చేరింది. అదే ఏడు ఉప్పు సత్యాగ్రహంలో సర్కారు జనాన్ని చావగొడుతుంటే చూసి, రెడ్డి గారు వైస్ చాన్సలర్ పదవి వదులుకున్నారు. ఉన్న కుర్చీ వదలడం ఎంత కష్టమో స్కూల్ లీడరుని అడగండి. ఆయన తర్వాత సర్వేపల్లి రాధాకృష్ణన్ గారు వచ్చి ఐదేళ్ళు నడిపేరు. 1936లో రాధాకృష్ణన్ గారు ఆక్స్‌ఫర్డుకి ప్రొఫెసరుగా వెళ్తే, రెడ్డి గారు మళ్ళీ వచ్చి 1949 దాకా ఉన్నారు. మధ్యలో 1942 ఏప్రిల్ 6న జపాను విమానాలు విశాఖ మీద బాంబులు వేస్తే విశ్వవిద్యాలయాన్ని గుంటూరు తరలించి, యుద్ధం అయ్యేక మళ్ళీ తెచ్చుకున్నారు. సర్ బిరుదు కూడా 1942లోనే వచ్చింది.

ఇప్పుడు మనకి సంబంధించిన సంగతి. అంత పెద్ద విశ్వవిద్యాలయానికి డబ్బు ఎక్కడిది? జయపురం మహారాజా విక్రమదేవ వర్మ గారు ఏటా లక్ష రూపాయలు ఇచ్చేరు. ఆ రోజుల్లో లక్ష అంటే ఎంతో లెక్కల మాస్టారు చెప్పాలి. సైన్సు కాలేజీకి ఆయన పేరే పెట్టేరు. ఆ రాజు గారి సంస్థానం కోరాపుట్ కొండల్లో. గుణుపురం వైపు మన సవర ఊళ్ళూ, గదబ, పరజ, కోదు ఊళ్ళూ అందులోవే. రాజు గారికి డబ్బు చెట్లకి కాయదు కదా. శిస్తులు కట్టింది, అడవి సరుకు మోసింది, వెట్టి చేసింది కొండవాళ్ళే. ఫలకం మీద రాజు గారి పేరు ఉంది, ఉండాలి కూడా. మన ముత్తాతల పేరు లేదు. కాని వాల్తేరు ఎత్తు మీద ఆ గోడల్లో వాళ్ళ చెమట ఉందని నా లెక్క. ఆ గేటు దగ్గర మనం చుట్టాల్లాగ బెరుకుగా నిలబడక్కర్లేదు.

ఇంకొకటి. 1938లో, రెడ్డి గారు వైస్ చాన్సలర్‌గా ఉండగా, విశ్వవిద్యాలయం గిడుగు రామమూర్తి పంతులు గారికి కళాప్రపూర్ణ బిరుదు ఇచ్చింది. గిడుగు వారు మన శ్రీముఖలింగం దగ్గర పర్వతాలపేటలో పుట్టి, పర్లాకిమిడిలో మాస్టారుగా ఉంటూ సవర భాష నేర్చుకుని, సవర పిల్లలకి బడులు పెట్టి, మన మాటలకి నిఘంటువు రాసిన మనిషి. సవర నేర్చుకున్న పంతులు గారికి ఆ ఎత్తు మీద సన్మానం జరిగింది. సవర మాట్లాడే విద్యార్థులు అక్కడికి వెళ్ళడానికి మాత్రం ఇంకా చాలా ఏళ్ళు పట్టింది.

రెడ్డి గారు 1951 ఫిబ్రవరి 24న కన్ను మూసేరు. విశాఖలో పట్టాల పండగ జరిగే స్నాతకోత్సవ మందిరానికి ఆయన పేరే పెట్టేరు. కేంబ్రిడ్జి పిల్లలు భోజనాలకి తొడుక్కున్న గౌను లాంటిదే ఇక్కడ పట్టా రోజున తొడుక్కుంటారు. మా ఊరు నుంచి ఎమ్మే చదివిన అన్న ఒకడున్నాడు. అతను శ్రీకాకుళం స్టూడియోలో అద్దె గౌనుతో తీయించుకున్న ఫొటో వాళ్ళింట్లో తడిక గోడకి వేలాడుతుంది. గౌను భుజాల దగ్గర బాగా వదులు. వాళ్ళమ్మ మాత్రం వచ్చినవాళ్ళందరికీ ముందు అదే చూపిస్తుంది.

— పదో తరగతి విద్యార్థి