కెమెరా ముందు గాంధీజీ: రాట్నం, మగ్గం

మోహన్‌దాస్ కరంచంద్ గాంధీ 1869 అక్టోబర్ 2న పోరుబందరులో పుట్టారు. లండన్‌లో బారిస్టరు చదివారు, 1893లో దక్షిణాఫ్రికా వెళ్లారు, 1915లో తిరిగొచ్చారు. ఇదంతా మన పిల్లలు బడిలో చదువుకున్నదే. ఆయన జీవితంలో నేతపని ఎక్కడుంది, ఆయన్ని లోకానికి చూపించిన సినిమా కెమెరాలో ఏం మిగిలింది అన్నది మాత్రం నేతకుటుంబాలుగా మనం చెప్పుకోవలసిన మాట.

గాంధీజీ మొదట పట్టుకున్నది రాట్నం కాదు, మగ్గం. అహ్మదాబాదు ఆశ్రమంలో మగ్గాలు పెట్టించారు గానీ అక్కడ ఒక్కరికీ నేత రాదు. పాలన్‌పూర్ నుంచి గురువును తెప్పిస్తే ఆయన తన విద్య అంతా చెప్పలేదట. మగన్‌లాల్ గాంధీ పట్టుబట్టి పని నేర్చుకుని, తర్వాత మిగతావాళ్లకు నేర్పారు. తీరా మగ్గం నడిచాక నూలు కోసం మిల్లుల దగ్గర చేయి చాచాల్సి వచ్చింది. ఆ బాధ మనకు కొత్త కాదు. అప్పుడు రాట్నం వెతికారు. గంగాబెన్ మజుందార్ బరోడా సంస్థానంలోని విజాపూర్‌లో దాన్ని కనిపెట్టి ఇచ్చారు.

1921 సెప్టెంబర్ 22న మదురైలో ఆయన చొక్కా, టోపీ వదిలి కొల్లాయి కట్టారు. ఖద్దరు కొనే స్తోమత లేని పేదవాళ్లను చూసి తీసుకున్న నిర్ణయమది. మరుసటి ఏడాది రాజద్రోహం కేసులో కోర్టు వృత్తి అడిగితే రైతు, నేతగాడు అని రాయించుకున్నారు. బారిస్టరు అని చెప్పుకోలేదు.

1931లో మాటల సినిమా కెమెరా ఆయన దగ్గరకొచ్చింది. అమెరికాకు చెందిన ఫాక్స్ మూవీటోన్ వాళ్లు గుజరాత్‌లో ఆయన్ని మాట్లాడించి తీశారు. లండన్ వెళ్తే ఇదే బట్టతో వెళ్తారా అని అడిగారు. వేరే వేషం వేస్తే అది నటన అవుతుందని ఆయన జవాబు సారాంశం. అలాగే వెళ్లారు, రాజుగారి విందుకూ ఆ కొల్లాయితోనే హాజరయ్యారు. ఆ సెప్టెంబర్‌లోనే లాంకషైర్‌లో, విదేశీ బట్ట బహిష్కరణ దెబ్బ తగిలిన మిల్లు ఊళ్లకు వెళ్లి కార్మికుల్ని కలిశారు. డార్వెన్‌లో మిల్లు ఆడవాళ్లు ఆయన చుట్టూ చేరి జేజేలు కొడుతున్న ఫొటో ఇప్పటికీ దొరుకుతుంది.

ఇలా దేశదేశాల్లో చెదిరిపోయిన ఫిలిం ముక్కల్ని ఒకచోట చేర్చింది తమిళనాడు మనిషి. కారైక్కుడి దగ్గర కొట్టయూర్‌కు చెందిన ఎ.కె. చెట్టియార్‌కు 1937 అక్టోబర్ 2న, న్యూయార్క్ నుంచి ఓడలో పోతుండగా ఈ ఆలోచన వచ్చింది. ఖండాలు తిరిగి సుమారు 50,000 అడుగుల ఫిలిం సేకరించారు. అందులోంచి 12,000 అడుగుల చిత్రం తయారై 1940లో తమిళంలో విడుదలైంది. తెలుగు వ్యాఖ్యానంతోనూ వచ్చింది. యుద్ధకాలం, తెల్లవాళ్ల రాజ్యం, పైగా గాంధీ బొమ్మ. దాన్ని ఆడించడానికి ఎంత ధైర్యం కావాలో ఆలోచించండి.

1948 జనవరి 30న గాంధీజీ హతులయ్యారు. మన దేశంలో టీవీ మొదలైంది 1959లో, అంటే టీవీ ఆయన్ని చూడనే లేదు. మనం టీవీలో చూసేదంతా ఆ పాత రీళ్లే. 1968లో విఠల్‌భాయ్ ఝవేరీ అలాంటి వాటితో అయిదు గంటలకు పైగా సాగే చిత్రం తీశారు.

ఇన్ని బొమ్మలున్నా గాంధీ అనగానే మన కళ్ల ముందు తిరిగేది రాట్నమే. మగ్గం వెనక్కి పోయింది. దానికి కారణమూ ఉంది. మిల్లు నూలు మీద ఆధారపడిన మగ్గాన్ని చివరికి మిల్లే మింగేస్తుందని ఆయన నమ్మారు. 1925లో పెట్టిన చరఖా సంఘం చేతినూలు బట్టకే అండగా నిలిచింది. పొందూరులాంటి చోట్ల ఆ నూలు సన్నగా, గట్టిగా వచ్చింది. చాలాచోట్ల పడుగు తెగిపోయేది, రోజుకూలీ గిట్టేది కాదు. అందుకే మనవాళ్లలో చాలామంది గాంధీజీకి దండం పెడుతూనే మిల్లు నూలుతో నేసుకున్నారు. ఆయన అన్న భయం ఒట్టిది కాదని మరమగ్గాలు వచ్చాక తెలిసింది. మనవాళ్ల ఇబ్బందీ అబద్ధం కాదు.

ఆయన కథ మిగిలిందంటే ఎవరో ఒకరు తీసి, ఇంకొకరు వెతికి దాచినందువల్లే. మన ఇళ్లల్లో ఆసు పోయడం, అచ్చు అతకడం, గుంటమగ్గం తొక్కడం తెలిసిన తాతలు, అమ్మమ్మలు ఇంకా ఉన్నారు. చేతిలో ఫోను ఉంది. వాళ్లు పని చేస్తుండగా, మన తెలుగులోనే చెబుతుండగా, ఈ పండక్కి ఇంటికెళ్లినప్పుడే తీసి పెట్టండి.