డాక్టర్ ఆర్చిబాల్డ్ గ్యారొడ్ గారు

గ్యారొడ్ గారు 1857లో లండనులో ఒక వైద్యుని ఇంట పుట్టారు, తామూ వైద్యులే అయ్యారు. కొందరు పసిబిడ్డల మూత్రం గుడ్డలపై నల్లబడడం చూచి, అది అంటువ్యాధి కాదనీ, తల్లిదండ్రులిద్దరి నుండీ వంశపారంపర్యంగా వచ్చే లోపమనీ 1902లో వ్రాశారు. ఆ బిడ్డలలో పలువురి తల్లిదండ్రులు దగ్గరి రక్తసంబంధీకులు: అన్నదమ్ముల, అక్కచెల్లెళ్ల పిల్లలు. మేమూ మేనరికం చేసికొన్నవారమే గనుక ఇక్కడ కొంతసేపు ఆగిపోయాము.

మొదటి ప్రపంచ యుద్ధంలో ఆయన మాల్టాలో సైనికులకు వైద్యం చూచారు. ఆ యుద్ధమే ఇద్దరు కుమారులను తీసికొన్నది. మూడవవాడు 1919లో ఇన్‌ఫ్లుయెంజాతో పోయాడు. ఇక కుమార్తె ఒక్కతే మిగిలింది. ఆ ఏడే సెయింట్ బార్తలోమ్యూ ఆసుపత్రిలో క్రొత్త వైద్య విభాగానికి అధిపతిగా పని చేపట్టారు, 1920లో ఆక్స్‌ఫర్డుకు ఆచార్యులుగా వెళ్లారు.

1936లో కన్నుమూసే నాటికి ఆయన చెప్పినది పట్టించుకొన్నవారు తక్కువ. 1958లో నోబెల్ బహుమానం అందుకొన్న బీడిల్ గారు ఆ ఘనత ముందుగా గ్యారొడ్ గారిదేనని ఒప్పుకొన్నారు.