ఆరోగ్యానికి అర్థం చెప్పిన డాక్టర్ ష్టాంపర్

ఉగాదినాడు పెద్దల పాదాలకు మ్రొక్కితే ఆయురారోగ్యైశ్వర్యాలు కలగాలని దీవిస్తారు. ఆరోగ్యాన్నీ ఐశ్వర్యాన్నీ ఒకే మాటలో ముడివేసిన ఈ దీవెన మనకు చిన్ననాటినుండి అలవాటే గాని, ఆ ముడి ఎంత గట్టిదో మనం అంతగా ఆలోచించము. ఆ రెంటికీ గల సంబంధాన్ని ప్రపంచ దేశాలచేత ఒప్పించడానికి జీవితమంతా వెచ్చించిన ఒక వైద్యుని చరిత్రను ఈ సంచికలో మా పాఠకుల ముందుంచుతున్నాము.

ఆండ్రియా ష్టాంపర్ 1888 సెప్టెంబరు 1వ తేదీన స్లవోనియా సీమలోని ఒక చిన్న పల్లెలో జన్మించారు. ఆ సీమ నేడు క్రొయేషియాలో ఉన్నది. ఆనాడు ఆస్ట్రియా-హంగరీ సామ్రాజ్యంలోనిది. తండ్రి బడిపంతులు. కుమారుడు వియన్నాలో చదివి 1911లో వైద్య పట్టం పుచ్చుకున్నారు. విద్యార్థిగా ఉండగానే సామాన్యులకు తెలిసేటట్లు ఆరోగ్య విషయాలపై చిన్న పుస్తకాలు వ్రాశారు. మద్యపానం మీద అప్పుడే కత్తికట్టారు.

మొదటి ప్రపంచ యుద్ధం ముగిసి, పిమ్మట యుగోస్లావియా అనే పేరు పొందిన కొత్త రాజ్యం ఏర్పడింది. దేశం నిండా మలేరియా, క్షయ. 1919లో ఆ రాజ్య ప్రజారోగ్య శాఖకు ష్టాంపర్ అధిపతి అయ్యారు. అప్పటికి ఆయనకు ముప్పై ఏళ్లు. పల్లెల్లో తిరిగి చూచిన వైద్యునికి ఒక సంగతి తేటతెల్లమైంది. మందు త్రాగి లేచినవాడు తిరిగి అదే బురద నేల మీద పడుకొని, అదే చెడు నీరు త్రాగుతుంటే రోగం ఎక్కడికి పోతుంది?

1926లో ఆయన తన విశ్వాసాలను పది సూత్రాలుగా ప్రకటించారు. వ్యక్తికి చికిత్స చేయడంకంటె, సంఘానికి చికిత్స చేయడం ముఖ్యమన్నారు. శాసనాలకంటె ప్రజలకు తెలియజెప్పడం మిన్న అన్నారు. రోగి వైద్యుని వెతుక్కుంటూ రావడం కాదు, వైద్యుడే రోగి ఉన్నచోటికి పోవాలన్నారు. వైద్యుడు తన జీవనానికి రోగి ఇచ్చే డబ్బు మీద ఆధారపడకూడదని కూడా అన్నారు. ఈ చివరి మాట చాలామంది వైద్యులకు కంటగింపయిందంటే ఆశ్చర్యం లేదు. సొంతంగా వైద్యం చేసుకొనేవారు ఆయనకు బద్ధ విరోధులయ్యారు.

మాటలతో ఆగితే ఆయన గురించి ఇంత వ్రాయవలసిన పని లేదు. అమెరికాలోని రాక్‌ఫెల్లర్ సంస్థ ధనసహాయంతో 1927లో జాగ్రెబ్ నగరంలో ప్రజారోగ్య పాఠశాల వెలసింది. అక్కడ వైద్యులతోపాటు రైతులకూ పాఠాలు! పల్లెలనుండి వచ్చిన రైతులు కొన్ని నెలలు అక్కడే బస చేసి పశుపోషణ, సేద్యం, పారిశుధ్యం నేర్చుకొని వెళ్లేవారు. దానిని రైతుల విశ్వవిద్యాలయమన్నారు. పాఠశాలవారే ఆరోగ్య విషయాలపై చలనచిత్రాలు తీసి ఊరూరా చూపారు. మంచినీటి బావులు, మరుగుదొడ్లు, పెంటకుప్పలకు గుంతలు కట్టించారు. ఇంజనీరు, పంతులు, డాక్టరు ఒకే జట్టుగా పనిచేయడం ఆ కాలానికి కొత్త.

1929లో అలెగ్జాండర్ రాజు నిరంకుశాధికారం చేపట్టాడు. ష్టాంపర్ రాజుగారి రాజకీయాలకు తల ఒగ్గలేదు. 1931లో ఆయనకు బలవంతంగా పింఛనిచ్చి పంపివేశారు. నలభై రెండేళ్ల వయస్సులో పింఛనుదారు! స్వదేశం వద్దన్నవానిని నానాజాతి సమితి పిలిచింది. 1933 నుండి 1936 వరకు ఆయన చైనాలో తిరిగారు. ఆరోగ్య శాఖకు సలహాలివ్వడం ఆయన పని. అయినా కౌలు, అప్పులు, పన్నులు అనే మూడింటి కింద నలిగిపోతున్న రైతును చూచి, పేదరికం తగ్గనిదే అక్కడ ఆరోగ్య ప్రణాళికలేవీ నిలువవని గ్రహించారు.

1941లో జర్మన్ సైన్యం జాగ్రెబ్‌లో ప్రవేశించగానే ఆయనను నిర్బంధించింది. యుద్ధం ముగిసేవరకు ఆస్ట్రియాలోని గ్రాట్స్‌లో ఉంచారు. 1945లో విడుదలై వచ్చి, జాగ్రెబ్ విశ్వవిద్యాలయానికి అధిపతి అయ్యారు.

మరుసటి సంవత్సరమే ఐక్యరాజ్య సమితి ఆర్థిక సాంఘిక మండలికి ఉపాధ్యక్షులలో ఒకరయ్యారు. ఇక్కడ మన వారికి సంతోషం కలిగించే ముచ్చట ఒకటి ఉన్నది. ఆ మండలి మొదటి అధ్యక్షులు ఆర్కాటు రామస్వామి మొదలియారు. ఆయనా, కవల సోదరులు డాక్టర్ లక్ష్మణస్వామి మొదలియారూ 1887లో మన కర్నూలులో పుట్టి మద్రాసులో పేరు గడించినవారు. తమిళ కుటుంబం, తెలుగు ఊరు! లక్ష్మణస్వామిగారు 1961లో ఢిల్లీలో జరిగిన ప్రపంచ ఆరోగ్య మహాసభకు అధ్యక్షత వహించారు. పుట్టిన ఊరు ఒకటి, పెరిగిన ఊరు ఒకటి అయిన మన కుటుంబాలకు ఇది ప్రత్యేకంగా నచ్చుతుందని మా నమ్మకం.

1946 మార్చిలో పారిస్‌లో పదహారుగురు నిపుణులు కూర్చొని ప్రపంచ ఆరోగ్య సంస్థకు నిబంధనావళి ముసాయిదా తయారుచేశారు. ష్టాంపర్ తన ముసాయిదాతో వెళ్లారు. ఆరోగ్యమంటే రోగమో, దౌర్బల్యమో లేకపోవడం మాత్రమే కాదని, శరీరమూ మనస్సూ సంఘజీవనమూ సంపూర్ణంగా బాగుండడమని దాని పీఠికలో చేరింది. అది జాతిమతాలతోను, ధనిక పేద తేడాలతోను నిమిత్తం లేని మానవ హక్కు అని కూడా చేరింది. పీఠిక ఆయన ఒక్కరి చేతివ్రాత కాదు. కెనడా దేశపు డాక్టర్ బ్రాక్ చిజమ్ ప్రభృతుల పాలు అందులో ఉన్నది. అయితే సంఘజీవనం అనే ఆ మాట వెనుక స్లవోనియా పల్లె బావి, చైనా రైతు అప్పు ఉన్నవని మేము అనుకుంటాము. 1946 జూలై 22న న్యూయార్క్‌లో 61 దేశాల ప్రతినిధులు సంతకాలు చేశారు. 1948 ఏప్రిల్ 7న అది అమలులోకి వచ్చింది. ఏటా ఆ రోజునే ప్రపంచ ఆరోగ్య దినంగా జరుపుకుంటున్నాము. ఆ జూన్ 24న జెనీవాలో ప్రారంభమైన తొలి మహాసభ ష్టాంపర్‌నే అధ్యక్షునిగా ఎన్నుకున్నది.

సంపూర్ణంగా అనే మాట పట్టుకుంటే లోకంలో ఆరోగ్యవంతుడే దొరకడని ఆక్షేపించేవారున్నారు. షుగరుతోనో, కీళ్లనొప్పులతోనో చలాకీగా తిరిగే మన పెద్దలను చూస్తే ఆక్షేపణలో నిజం లేకపోలేదు. అయినా ఆ నిర్వచనం నేటివరకు మారలేదు. పూచీ వైద్యశాలదే కాదు, ప్రభుత్వాలది కూడా అని అది చెప్పినందువల్ల దానిని వదులుకోవడం తేలిక కాదు. 1978లో ఆల్మా-ఆటా నగరంలో ప్రాథమిక ఆరోగ్య రక్షణను గూర్చి దేశాలు చేసిన ప్రకటన చదివినవారికి, 1926 నాటి పది సూత్రాలు గుర్తుకు రాక మానవు.

ఆ ప్రకటనను చూడడానికి ష్టాంపర్ లేరు. తొలి మహాసభ మొదలైన పదేళ్లకు, 1958 జూన్ 26న, జాగ్రెబ్‌లో కన్నుమూశారు. రైతులకు పాఠాలు చెప్పిన ఆ పాఠశాల నేడు ఆయన పేరనే నడుస్తున్నది.