ఆంధ్రకేసరి ప్రకాశం పంతులు

న్యాయవాద వృత్తిలో గడించిన ధనాన్ని దేశసేవకు ధారవోసిన త్యాగశీలి టంగుటూరి ప్రకాశం పంతులు. ఒంగోలు మొదలు మార్కాపురం, బేస్తవారిపేట, గిద్దలూరు వరకు గల సీమలో ఆయన పేరు వినని వారుండరు. నెల్లూరు, గుంటూరు, కర్నూలు జిల్లాల నుండి కొన్ని ప్రాంతాలను వేరుచేసి 1970లో ఒంగోలు జిల్లాను ఏర్పరచారు. ఆయన శతజయంతి వచ్చిన 1972లో ఆ జిల్లాకు ప్రకాశం జిల్లా అని నామకరణం చేశారు. ఒక జిల్లాకు పేరుగా నిలిచిన ఆ మహనీయుని జీవితం అడుగడుగునా కష్టాలతో, సాహసాలతో నిండినది.

ప్రకాశం 1872 ఆగస్టు 23న వినోదరాయునిపాలెంలో జన్మించారు. తల్లి సుబ్బమ్మ, తండ్రి గోపాలకృష్ణయ్య. వారిది టంగుటూరులో తరతరాలుగా కరణీకం చేసిన కుటుంబం. ప్రకాశానికి పదకొండేళ్ళ వయసులోనే తండ్రి మరణించారు. దిక్కుతోచని సుబ్బమ్మ పిల్లలను వెంటబెట్టుకొని ఒంగోలు చేరి, పూటకూళ్ళ ఇల్లు నడపసాగింది. ఆనాటి సమాజం ఆ వృత్తిని చిన్నచూపు చూసేది. బిడ్డల భవిష్యత్తు కోసం ఆమె ఆ అవమానాన్ని సహించింది. ఆ రాబడి చాలక ప్రకాశం వారాలు చేసుకొని చదువుకున్నారు. పరీక్ష రుసుము 3 రూపాయలు చెల్లించడానికి ఆ తల్లి తన పట్టుచీరను తాకట్టు పెట్టింది.

బాల్యంలో ప్రకాశానిది దుడుకు స్వభావం. అల్లరి స్నేహాలు, నాటకాల వ్యసనం ఆయనను చదువునుండి దూరం చేయసాగాయి. ఆ దశలో ఆయనలోని ప్రతిభను గుర్తించినవారు మిషన్ పాఠశాల ఉపాధ్యాయులు ఇమ్మానేని హనుమంతరావు నాయుడు. నాయుడుగారు రాజమహేంద్రవరానికి వెళ్తూ ప్రకాశాన్ని తనవెంట తీసుకొనిపోయి చదివించారు. అటు పిమ్మట మద్రాసుకు పంపి న్యాయశాస్త్రం అభ్యసింపజేశారు. ఒక గురువు ఆదరణ ఒక జీవితాన్ని ఎంతగా మలచగలదో చెప్పడానికి ఇంతకన్న నిదర్శనం అక్కరలేదు.

ద్వితీయశ్రేణి ప్లీడరుగా రాజమహేంద్రవరంలో ప్రకాశం మంచి పేరు సంపాదించారు. 1904లో ఆ పట్టణ పురపాలక సంఘాధ్యక్షులయ్యారు. అయితే ద్వితీయశ్రేణి ప్లీడరుకు ఉన్నత న్యాయస్థానంలో వాదించే అర్హత లేదు. అందువల్ల ఆయన బారిష్టరు కావాలని సంకల్పించారు. మద్యమాంసాలు ముట్టనని తల్లికి మాట ఇచ్చి ఇంగ్లాండు వెళ్ళారు. చదువు ముగించుకొని 1907లో తిరిగివచ్చి మద్రాసు హైకోర్టులో వృత్తి ప్రారంభించారు. ఆ సంవత్సరమే బిపిన్ చంద్రపాల్ మద్రాసులో ఉపన్యసించగా, ప్రభుత్వాగ్రహానికి వెరచి ఇతరులు వెనుకంజ వేసిన సభకు ప్రకాశం అధ్యక్షత వహించారు. అయినా ఆయన వృత్తికి లోటు రాలేదు. కొద్దికాలంలోనే ప్రముఖ న్యాయవాదిగా పేరొంది, విశేషంగా ధనార్జన చేశారు.

గాంధీజీ సహాయనిరాకరణోద్యమం ఆయన జీవితాన్ని మలుపు తిప్పింది. 1921లో ప్రకాశం న్యాయవాద వృత్తిని త్యజించారు. అదే ఏడాది స్వరాజ్య పత్రికను స్థాపించి ఇంగ్లీషు, తెలుగు, తమిళ భాషలలో నడిపారు. ఆ పత్రిక జాతీయభావాలను ప్రచారం చేసిందే గాని లాభాలను తేలేదు. దానిని నిలబెట్టడానికి ఆయన తన ఆస్తినంతటినీ వెచ్చించి, అప్పులపాలయ్యారు. 1930వ దశకంలో అది మూతపడింది. వకీలుగా కూడబెట్టినది ఆ విధంగా హరించిపోయింది.

1928 ఫిబ్రవరి 3న సైమన్ కమిషన్ రాకకు నిరసనగా మద్రాసులో హర్తాళ్ జరిగింది. హైకోర్టు సమీపంలో పోలీసులు జరిపిన కాల్పులలో ఒకరు మరణించారు. ఆ మృతదేహాన్ని చూడబోయిన ప్రకాశాన్ని పోలీసులు తుపాకులు ఎక్కుపెట్టి అడ్డగించారు. ఆయన చొక్కా గుండీలు విప్పి, గుండె చూపి ముందుకు నడిచారు. ఆ ధైర్యానికి పోలీసులు దారి ఇవ్వక తప్పలేదు. నాటినుండి ఆంధ్రులు ఆయనను ఆంధ్రకేసరి అని పిలుచుకున్నారు.

1937లో ఆయన మద్రాసు రాష్ట్ర రెవిన్యూ మంత్రి అయ్యారు. జమీందారీ రైతుల స్థితిగతులను విచారించిన సంఘానికి అధ్యక్షత వహించి, భూమికి నిజమైన హక్కుదారు రైతేనని 1938లో నివేదిక సమర్పించారు. న్యాయశాస్త్ర పరిజ్ఞానం ఆనాడు నోరులేని రైతుకు అండగా నిలిచింది. క్విట్ ఇండియా ఉద్యమంలో సుమారు మూడేళ్ళు కారాగారవాసం అనుభవించారు. 1946 ఏప్రిల్‌లో మద్రాసు రాష్ట్ర ప్రధానిగా పదవి స్వీకరించి, స్వపక్షంలోని విభేదాల కారణంగా 1947 మార్చిలో పదవినుండి తొలగవలసి వచ్చింది.

పొట్టి శ్రీరాములు ఆత్మార్పణ ఫలితంగా 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం అవతరించింది. తొలి ముఖ్యమంత్రి ప్రకాశం పంతులు. రాజధాని కర్నూలు. నాడు మార్కాపురం, గిద్దలూరు ప్రాంతాలు కర్నూలు జిల్లాలోనివే. కార్యాలయాలకు భవనాలు చాలక గుడారాలలో ఆ ప్రభుత్వం పని ప్రారంభించింది. 1954లో తిరుపతిలో శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయం వెలసింది. విజయవాడ వద్ద కృష్ణపై కొత్త ఆనకట్ట నిర్మాణం మొదలైంది. ఆయన మరణానంతరం పూర్తయిన ఆ ఆనకట్టే ప్రకాశం బ్యారేజి. మద్యనిషేధ విషయమై 1954 నవంబరులో వచ్చిన అవిశ్వాస తీర్మానం ఒక్క ఓటు ఆధిక్యంతో నెగ్గగా ఆయన ప్రభుత్వం పడిపోయింది. పదవి రెండు పర్యాయాలు వచ్చినా రెండు పర్యాయాలూ ఎక్కువ కాలం నిలువలేదు.

పదవి పోయినా ప్రజలతో ఆయన సంబంధం తెగలేదు. ఎనభై నాలుగేళ్ళ వయసులో, మండువేసవిలో ఒంగోలు ప్రాంతపు హరిజనవాడలలో పర్యటిస్తుండగా వడదెబ్బ తగిలింది. హైదరాబాదులో చికిత్స పొందుతూ 1957 మే 20న కన్నుమూశారు. చిన్ననాటి దుడుకుతనాన్ని సైతం దాచక ఆయన వ్రాసిన స్వీయచరిత్ర నా జీవితయాత్ర తెలుగులో ఎన్నదగిన గ్రంథం.

పేదరికంలో పుట్టి, స్వయంకృషితో ఐశ్వర్యాన్ని అందుకొని, ఇష్టపూర్వకంగా తిరిగి పేదరికాన్ని వరించిన జీవితమిది. తల్లి తాకట్టు పెట్టిన పట్టుచీరతో సాగిన చదువు ఒక జాతికంతటికీ అక్కరకు వచ్చింది. చదువుకు ఇంతకు మించిన సార్థకత లేదు.